నాలుగు చుట్లు

సున్నం అయిపోయింది. నాలుగో వంపు దగ్గర
పొయ్యిలో బుగ్గి తెచ్చి గీత కలిపాను.
గుణుపురం బడి మైదానం చిన్నది,
నాలుగు చుట్లయితేగాని ఎనిమిది వందలు కావు.

"ఆడపిల్లలకి అంత దూరమెందుకండీ, పడిపోతారు"
అన్నారు పాణిగ్రాహి మాస్టారు.

ఆ మాట వయసు నాకు తెలుసు.
ఇరవై ఎనిమిదిలో, ఆమ్‌స్టర్‌డాంలో,
తొమ్మిదిమంది పరిగెత్తారు, తొమ్మిదిమందీ గీత దాటారు.
కుప్పకూలారని రాశాయి పత్రికలు.
ముప్పై రెండేళ్లు ఆ పందేన్ని మూసిపెట్టారు.
అంతకుముందు పారిస్‌లో
ఆడవాళ్లే సొంతంగా పెట్టుకున్న ఆటలకి
ఒలింపిక్ అన్న పేరు వాడొద్దన్నారు.
పేరు వదిలేశారు,
పరుగు వదల్లేదు.

మా గురుబారి కూడా
రిజిస్టరులో గౌరి అయిపోయింది.

మూడో చుట్టుకి దాని మడమలు బుగ్గిరంగు.
చిన్నరైలు పోయాక మిగిలిన పట్టాముక్క మోగించాను:
ఆఖరి చుట్టు. వంశధార గాలి ఎదురు.
గీత దాటి వెల్లకిలా పడుకుంది.
మాస్టారు నా వైపు చూశారు,
చెప్పానా అన్నట్టు.

ఊపిరందాక లేచి అడిగింది:
"మేడమ్, టైమెంత?"

నా వాచీ రెండో చుట్టులోనే ఆగిపోయింది.
చెప్పాను.

"అయితే మళ్లీ పరిగెడతా.
నీళ్లు తాగొస్తానుండండి."