తరుగు

ఆటోనగర్ రెండో రోడ్డు,
లారీ బాడీలకు రంగులు కొట్టే షెడ్డు పక్కన
మా లేతు.
ముందు గదిలో యాక్సిల్ బోల్టులు, గ్రీజు, ఈగలు.
వెనక ఏసీ గది. చెప్పులు విప్పి వెళ్ళాలి.
ఆ చల్లదనం మీద నెలకి ఎంత వడ్డీ పడుతుందో నాకు తెలుసు,
పద్దు రాసేది నేనే.

హైదరాబాదు నుంచి నాలుగు కిలోల టైటానియం దిమ్మ వస్తుంది
నూనెగుడ్డ చుట్టుకుని,
వెంట పుట్టుపూర్వోత్తరాల కాగితం:
ఏ కొలిమి, ఏ తేదీ, ఎవరి సంతకం.
"నా పుట్టినరోజే ఇంత కచ్చితంగా ఎవరూ రాయలేదు" అంటాడు సుభానీ.
మూడు రోజులు చెక్కుతాడు.
మిగిలేది మూడు వందల పది గ్రాముల ఉంగరం.
ఐదు మైక్రాన్లు దాటితే వాపసు.
వెంట్రుకను పద్నాలుగు పాయలు చీలిస్తే
అందులో ఒక్క పాయ,
మాకిచ్చిన స్వేచ్ఛ అంత.

ఆకాశానికి వెళ్ళేది ఆ మూడు వందల పదే.
తక్కిందంతా
నీలంగా, ఊదాగా సుళ్ళు తిరిగి ట్రేలో పడుతుంది.
అదీ మాది కాదు.
ఒప్పందం పన్నెండో పేరా:
రజను తూచి తిరిగి పంపవలెను,
తగ్గిన ప్రతి గ్రాముకూ డెబ్బై రూపాయలు కోత.
గవర్నర్‌పేటలో కంసాలికైనా తరుగు ఉంది.
మేం సుభానీ బూట్లు దులిపి మరీ తూస్తాం.

తలుపులు తెరిచామంది సర్కారు,
ఆకాశం ఇక ప్రైవేటువాళ్ళకీ అని.
పేపరు కత్తిరించి గోడకి అంటించారు మా వీరభద్రం గారు.
ప్రయోగానికి పన్ను మాఫీ అని అందులో ఉంది.
ఉంగరానికి ఎంత పడుతుందో అందులో లేదు,
అది నేను కట్టిన చలానాలో ఉంది.
చిన్న పరిశ్రమకు నలభై ఐదు రోజుల్లో డబ్బివ్వాలని చట్టం.
నూట ముప్పై రోజులు ఆనవాయితీ.

మే నెలలో ఎగిరింది.
రంగుల షెడ్డువాళ్ళు కూడా వచ్చారు,
ఒక్క ఫోను చుట్టూ పదకొండు తలకాయలు.
నూట పద్నాలుగో సెకనులో గీత వంకర పోయింది.
బంగాళాఖాతం. అంతే.
టీ కుర్రాడు గ్లాసులు ఏరుకున్నాడు.

పాక్షిక విజయం, అన్నారు కంపెనీవాళ్ళు.
వారం తిరక్కుండా కొత్త పెట్టుబడి వచ్చింది, మునుపటికి రెట్టింపు.
ఉపగ్రహానికి బీమా ఉందట, లండన్‌లో ఎవరో రాశారట.
పరాయి దేశం నెత్తిన పడి ఉంటే
మన దేశమే చెల్లించేదట, పాత ఒప్పందం.
అన్నిటికీ ఎవరో ఒకరు పూచీ.
మా దగ్గరికి మాత్రం ఇద్దరు ఆడిటర్లు వచ్చారు.
ఐదు రోజులు.
సుభానీ క్యారేజీ విప్పలేదు ఐదు రోజులూ.
ఆరో రోజు ఉత్తరం: లోపం వాల్వుది, ఉంగరం భేషు.
భేషుకి జీతం లేదు కనక
అతను ముఖం కడుక్కుని యాక్సిల్ బోల్టుల దగ్గరికి వెళ్ళాడు.

బిల్లులో మూడో వంతు ఇంకా రావాలి.
ఫోన్ చేస్తే మేఖల గారు, మంచి పిల్ల, నెమ్మదిగా చెప్పింది:
"ప్రయోగం తర్వాత అని కదండీ ఉంది."
"అయింది కదమ్మా ప్రయోగం."
"మా లీగల్ వాళ్ళు
తర్వాత అంటే విజయం తర్వాత అంటున్నారండీ."
ఇరవై రెండేళ్ళుగా పద్దు రాస్తున్నాను,
ఒక్క మాటకి ఇంత ఖరీదు ఎప్పుడూ చూడలేదు.

నిన్న పాత పుస్తకం దులుపుతుంటే
మే నెల పేజీల్లోంచి రాలింది ఒక సుడి.
సగం నీలం, సగం ఊదా,
వంకాయ తొక్కంత పల్చన.
తూచాను. రెండు గ్రాములు.
ఆ తూకంలో మాకు కోసింది సరిగ్గా నూట నలభై రూపాయలు.
అంటే దీన్ని మేం కొనుక్కున్నట్టే.

సుభానీ దాన్ని ట్యూబులైటు కింద తిప్పి తిప్పి చూసి
నా బల్ల మీదే పెట్టేశాడు.
ఆస్తుల కాలమ్‌లో రాశాను.
సాయంత్రం వీరభద్రం గారు కళ్ళజోడు సర్దుకుని
ఆ వరస దగ్గర కాసేపు ఆగారు.
కొట్టేయలేదు.