నడుస్తున్నది

అమీర్‌పేటల బజ్జీల బండి మీద మూడో అంతస్తు,
సాయంత్రం ఆరున్నర బ్యాచి.
సైలస్ సార్ బోర్డు మీద ఒక్కటే మాట రాసిండు: రన్.
ఇంగ్లీషుల మూడక్షరాలే.
దాని కింద చాక్‌పీసు అరిగేదాక గీతలు.

"ముక్కు రన్ అయితది, నల్లా రన్ అయితది,
కొత్త చీర నానబెడితె రంగు రన్ అయితది,
ఎలక్షన్లకు నిలబడ్డోడు కూడ రన్ అయితడు."
నిలబడ్డోడు ఉరుకుడేంది సార్, అని రవళి నవ్వింది.

నేను పక్కన తెలుగు రాసుకుంటున్న.
ముక్కు కారుతది. నల్లా వస్తది. రంగు దిగుతది.
బస్సు నడుస్తది. దుకాణం నడుస్తది.
చిట్టీ నడుస్తది.
అక్కడ పెన్ను ఆగింది.

వాళ్లు ఉరికించేటియన్ని మనం నడిపిస్తున్నం.
రాంనగర్ చేపల మార్కెట్ ఎనక నా మ్యాచింగ్ సెంటర్
నడుస్తనే ఉన్నది ఏడేండ్ల సంది,
గల్లీ మూలకు దమ్ము తీసుకుంట,
పెండ్లిళ్లప్పుడు జర జల్ది, మూఢాలల్ల కుంటుకుంట.
ఎట్ల నడుస్తున్నదమ్మా, అంటరు ఫాల్స్ కొనేటోళ్లు.
నడుస్తున్నది, అంట.
ఆ మాటకు కాళ్లున్నయని ఇయ్యాల్టిదాక తెల్వదు.

"బియ్యం రన్ అవుట్" అన్నడు సార్.
మా అత్త ఉన్నన్ని దినాలు ఆ మాట అననియ్యలె.
చేట చేతుల పట్టుకొని డబ్బా అడుగు గోకుతున్నా సరే
నిండుకున్నయి, అనాలె.
లేనిదాన్ని నిండుగ చెప్పుడు ఇంగ్లీషుల ఎట్లనో
అడుగుదామనుకున్న. అడగలె.

తర్వాతి గీత: రన్ ఓవర్.
"ఉదాహరణ ఎవరు చెప్తరు?"
కాకినాడ పిలగాడు కుక్కపిల్ల గురించి చెప్పిండు.
అందరు అయ్యో అన్నరు.
నా దగ్గర ఒకటుండె.
నాంపల్లి దిక్కు, పోయినేడు కార్తీకం, ఇంక తెల్లారలె,
నీళ్ల ట్యాంకరు, స్కూటీ, మా బిక్షపతి ఎడమకాలు.
కర్త, కర్మ, క్రియ, అన్నీ ఉన్నయి.
బోర్డు దిక్కు చూసుకుంట
మూసిన పెన్నునే మళ్ల మూసిన.

ఇన్సూరెన్సోళ్ల కాయిదాలు ఇంగ్లీషుల వస్తయి,
గందుకే నాకీ క్లాసు.
కేసు నడుస్తున్నది.
ఫిజియోథెరపీ నడుస్తున్నది, వారానికి మూడు దినాలు.
ఇల్లు నడుస్తున్నది.
మంచం మీదికెల్లే ఆయన లెక్కలు నడిపిస్తడు,
మీటర్లు, బాకీలు, ఒక్క పైస తప్పడు.
మొన్న గోడ పట్టుకొని తలుపుదాక పోయిండు.
"ఇగో, దుకాణం లెక్క నడుస్తున్న" అన్నడు.
నవ్వాల్నో వద్దో తెల్వక మొఖం చూసిన.
ఆయన నవ్విండు. అప్పుడు నవ్విన.

ఎనిమిది దాటినంక క్లాసు ఇడిచిండ్రు.
సార్ ముప్పై అర్థాలు చెప్పిండు గని
మొట్టమొదటిది చెప్పలె,
అది అందరికి ఎరుకే గద అని.

మైత్రీవనం కాడ నా బస్సు కదిలింది.
చెప్పులు చేతుల పట్టుకున్న, ఉరికిన.
ఎన్నేండ్లాయెనో ఉరకక.
ఆటోలు, చెరుకురసం బండి, హాస్టలు బోర్డులు పట్టుకున్నోళ్లు,
అందరు పక్కకు జరిగిండ్రు.
సంచిల నోట్‌బుక్కు వీపుకు కొట్టుకుంటున్నది,
లోపల ఇంకోటి అంతకంటె గట్టిగ.
ఫుట్‌బోర్డు మీద ఎవరో పిలగాడు చెయ్యి అందిచ్చిండు.

కండక్టరమ్మ జీరో టికెట్టు చింపిచ్చుకుంట తిట్టింది:
"నడిచే బస్సు ఎక్కుతవేందమ్మా, పానం మీద ఆశ లేదా?"
దమ్ము అందినంక చెప్పిన,
"నడిచేది గనకనే అందింది అక్కా."
ఆమెకు సమజ్ కాలె.