వంకర ఒకటి

టిటికాకా సరస్సు ఒడ్డున మా బడి.
రేకుల కప్పు మీద వడగళ్లు పడుతుంటే
టీచరు పెదాలు కదలడం కనబడేది,
మాట వినబడేది కాదు.
ఆ రోజు వడగళ్లు లేవు.
ఎర్మెలిందా టీచరు బోర్డు మీద రాసింది:
తరగతిలో ముప్పై రెండుమంది.
ఐమారా మాట్లాడేవాళ్లు పందొమ్మిది,
కెచువా మాట్లాడేవాళ్లు పదిహేడు,
రెండూ రానివాళ్లు ముగ్గురు.
మరి రెండూ వచ్చినవాళ్లు?

నా వేళ్లు చాలక
పక్కవాడి వేళ్లు అప్పు తీసుకున్నాను.
ముప్పై తొమ్మిది!
"టీచర్, ఏడు పీటలు తక్కువొచ్చాయి,
పక్క గదిలోంచి తెస్తా."
గుమ్మం దాకా వెళ్లాను కూడా.

ఆవిడ నవ్వలేదు.
లామా బొచ్చుతో పేనిన రెండు తాళ్లు తీసుకొని
మమ్మల్నందర్నీ బయటికి నడిపించింది.
ఎండిన గడ్డి మీద రెండు చుట్లు పరిచింది,
ఒకదాని అంచు ఇంకోదాని మీదికి ఎక్కేలా.
"ఎవరి చోట్లో వాళ్లు నిలబడండి."
తోసుకున్నాం, తొక్కుకున్నాం.
రెండు తాళ్ల నడుమ
చేప ఆకారంలో మిగిలిన ఇరుకులో
ఏడుగురు.
"వీళ్లేరా నీ ఏడు పీటలు" అంది నాతో.

ఆ ఏడుగురిలో నీవెస్ కుతీపా ఒకతి.
తల్లిది ఐమారా, తండ్రిది కెచువా.
సంతలో ముసలమ్మలు గడ్డం పట్టుకొని
"ఎవరి పిల్లవే నువ్వు?" అని అడిగేవాళ్లు.
ఏం చెప్పినా సగం సంత మొహం మాడ్చుకునేది.
రెండు పడవల మీద కాళ్లు, అని
మా అమ్మ కూడా అంది ఓసారి,
పొద్దున లేస్తే పడవ మీద బతికే మనిషి.

"పందొమ్మిదీ పదిహేడూ ముప్పై ఆరు.
అందులోంచి ఏడు తీసేస్తే..."
నీవెస్ చెయ్యెత్తింది.
"తీసేసేది మమ్మల్నేనా?"

సరస్సు గాలికి టీచరు టోపీ ఎగిరిపోబోయింది.
పట్టుకుంది. పట్టుకొని కాసేపు ఆగింది.
"నిన్ను అక్కడోసారి రాశాను, ఇక్కడోసారి రాశాను.
ఉన్నది ఒక్క నీవెస్.
తీసేసేది నా రెండో రాతని, తల్లీ,
నిన్ను కాదు."

మర్నాడు మూడో తాడు తెచ్చింది.
పడవ కట్టే నీలం నైలాను తాడు.
పడవలో బడికొచ్చేవాళ్లు పద్నాలుగు.
నిన్నటిదాకా అన్నిటికీ బయటున్న
కస్టమ్స్ ఆఫీసరు కొడుకు రెనాటో
పరుగున వచ్చి నీలం తాట్లో దూరాడు,
వాడికీ ఓ చోటు దొరికింది.
మిగిలిన ఇద్దరు గోడెక్కి కూచొని
వేయించిన చిక్కుడుగింజలు నముల్తూ మమ్మల్ని చూస్తున్నారు.

మూడూ కూడితే యాభై.
జంటలు తీసేయాలి, నిన్ననే నేర్చుకున్నాం కదా.
ఏడు, ఎనిమిది, ఆరు. మొత్తం ఇరవై ఒకటి.
మిగిలింది ఇరవై తొమ్మిది.
తాళ్ల లోపల తలలు లెక్కపెట్టాను.
ముప్పై.
మళ్లీ పెట్టాను. ముప్పై.
"ఒకళ్లు ఎక్కువున్నారు టీచర్."

మూడు తాళ్లూ ఒకటయ్యే చోట
జానెడు నేల.
అందులో నీవెస్ ఒక్కతే,
రెండో పాదానికి చోటు లేక
కొంగలా నిలబడి ఉంది.
మూడుసార్లు రాశాం ఆమెను.
మూడుసార్లూ కొట్టేశాం.
కాగితం మీద లేదు.
చలికి చెంపలు కందిపోయి
నా ఎదురుగా ఉంది.

టీచరు ఏమీ చెప్పలేదు,
సుద్దముక్క నా చేతిలో పెట్టింది.
ఇరవై తొమ్మిది పక్కన కూడిక గుర్తు వేసి
ఒకటి రాశాను.
చెయ్యి వణికి అది వంకరగా వచ్చింది.

ఇప్పుడు రేవు ఆఫీసులో నాది గుమాస్తా పని.
ఫారాలు నింపుతాను.
భాష: ఒక్క గడిలోనే టిక్కు పెట్టవలెను.
ఎవరో ఒకామె కిటికీ అవతల
గంపలో కోళ్లతో నిలబడి
రెండు గళ్ల మధ్య చూపుడువేలు తిప్పుతూ ఉంటుంది.
వెనక క్యూ విసుక్కుంటుంది.
నాకు నచ్చిన గడిలో ఏదో ఒకటి నింపి,
అంచున ఖాళీలో
వంకరగా చిన్న ఒకటి గీస్తాను.

పై ఆఫీసులో దాన్ని
సిరా మరక అనుకుంటారు.