తొమ్మిదో వరుస

ఇరవై రెండేండ్లుగా
తిరుపతి బస్టాండులో మైకు ముందర కూర్చునేదాన్ని.
కాళహస్తి, పుత్తూరు, మదనపల్లె, వేలూరు
ఏ బస్సు ఎక్కడాగుతుందో నిద్రలో అడిగినా చెప్తాను.
బిడ్డ తప్పిపోయిందంటే మాత్రం
ఇప్పటికీ అరచేతులు చెమరుస్తాయి.

ఆ పొద్దు పెరటాసి శనివారం.
కొత్త గుండ్ల మీద చందనం ఆరతా ఉంది,
కాలు పెట్టే సందు లేదు.
ఒకాయన వొచ్చి అద్దం తట్టినాడు.
మా కొర్లగుంటలో రాత్రి కాపలా తిరిగే మనిషే,
నెలకోసారి గేటు దగ్గర నిలబడితే ముప్పై రూపాయలిస్తాం,
గూర్ఖా అంటాం.
పేరొకటి ఉంటుందని ఫారం నింపేటప్పుడు తెలిసింది.
హర్క సావుద్.
బిడ్డ బిను, ఆరేండ్లు, ఎర్ర స్వెట్టరు.
ఈ ఉక్కలో స్వెట్టరేందయ్యా అని నోటిదాకా వొచ్చింది,
మింగినాను.
బఝాంగ్ నుంచి దిగి నాలుగు దినాలంట.

తెలుగులో చెప్పినాను.
తమిళంలో, కన్నడంలో,
హిందీలో రెండుసార్లు.
"ఎక్కడున్నా విచారణ కేంద్రం దగ్గరికి రావలెను."
నా గొంతు స్తంభాల చుట్టూ తిరిగి
ఉత్త చేతులతో నా దగ్గరికే వొచ్చింది.
ఆయన మెల్లిగా అన్నాడు,
ఇవేవీ దానికి రావమ్మా.

గ్రూప్ టూకి చదివిన రోజులు గుర్తొచ్చినాయి.
డెబ్బై ఒకటో సవరణ, తొంభై రెండో సంవత్సరం,
ఎనిమిదో షెడ్యూలులో చేరిన భాషలు:
కొంకణి, మణిపురి, నేపాలీ.
ఒక మార్కు ప్రశ్న.
ఆ యేడు అది రానే లేదు.
ఇప్పుడొచ్చి అద్దానికి అవతల
మెడలో ఈల వేసుకొని నిలబడింది,
కండ్లు తుడుచుకుంటా.

బయటోళ్ళకు మైకియ్యరాదు.
ఆ బోర్డు నా తలకాయ పైనే ఉంది.
కుర్చీ పక్కకు జరిపినాను.

ముందు ఒక దగ్గు.
తర్వాత,
"బినూ... మ యహీఁ ఛు. యతా ఆఇజ.
నడరా, బినూ, నడరా."

పల్లీలమ్మే ముసలామె తలెత్తింది.
కోలారు బస్సు డ్రైవరు హారన్ మీద చెయ్యి తీసినాడు.
నడరా అంటే మాకు నడవమనే కదా,
నడిచి రా బిడ్డా అంటా ఉండాడనుకున్నాం అందరం.
ఐదో ప్లాట్‌ఫారంలో బెంచీ కింద నుంచి
ఎర్ర స్వెట్టరు లేచింది.
నడవలేదు. పరిగెత్తింది.

టీ కొట్టు దగ్గర చెప్పినాడు,
నడరా అంటే భయపడొద్దని అంట.
ఇంకోటీ చెప్పి సిగ్గుపడినాడు:
ఇంట్లో మేమిట్ల మాట్లాడం అమ్మా,
మా కొండ మాట వేరే,
మైకు చూస్తానే బడి నేపాలీ వొచ్చేసింది.
అక్కడ కచేరీలో నడిచేది అదే,
మా యమ్మకు అదీ సగమే అర్థమయ్యేది.
మరి బినుకు అందింది మాటా, గొంతా?
నేనడగలేదు.
పిల్ల బన్ను తింటా ఉంది.

టీకి వంద నోటు తీసి, వెనక్కి తిప్పి,
మొదటిసారి వరుసలు లెక్కబెట్టినాను.
తొమ్మిదోది ఆయనది, పద్నాలుగోది నాది,
మధ్యలో నాలుగు.
చూపిస్తే గోరుతో తడిమి చదివినాడు,
"ఏక్ సయ్ రుపియాఁ."
మీ నోటు మీద నా మాటుంది,
మీ ఓటర్ల పట్టీలో నేను లేను, అన్నాడు.
కోపంగా కాదు. ఏ బస్సు ఎన్నింటికని చెప్పినట్టు.

సోమవారం మెమో వొచ్చింది.
అనుమతి లేని భాషలో ప్రకటన చేయించినందుకు
సంజాయిషీ ఇవ్వవలెను.
రెండు వాక్యాలు రాసినాను.
ఎనిమిదో షెడ్యూలు చూడవలెను.
అది దొరక్కపోతే
తమ జేబులోని వంద నోటు వెనక, తొమ్మిదో వరుస.

జవాబింకా రాలేదు.
రాత్రి రెండింటికి మా వీధిలో ఈల వినిపిస్తే
నిద్రలోనే అంటానంట,
హర్క సావుద్, మూడో ప్లాట్‌ఫారం.