సున్నం గీత

పొద్దు పొడవకముందే
రేకు డబ్బా అడుగుకు మేకుతోని బొక్కలు కొట్టి
సున్నం పోసుకుని
వొంగి నడుస్తడు కేశులన్న.
గీత వంకర పోదు.
మోకాలే పోతది.

జడ్చర్ల జిన్నింగు మిల్లు ఎన్క మా గ్రౌండు.
పత్తి సీజన్ల దూది ఎగిరొచ్చి
గోలు నెట్టుకు పట్టుకుంటది,
ఎవ్వరూ కొట్టని గోలు లెక్క.

పందొమ్మిదేండ్లు ఎడమపక్క ఆడిండు.
ఎడమే ఎందుకన్నా అంటే
"ఆడ నిలబడెటోడు ఎవ్వడూ లేకుండె" అంటడు.

పట్నం క్లబ్బోళ్లు ఒకసారి పిలిచిన్రు.
బూట్లిస్తం, రూమిస్తం, నెలకింతని ఇస్తమన్నరు.
పోయిండు.
పదకొండో దినం కాచిగూడ ప్యాసింజరుకు దిగిండు.
అడిగినోళ్లకు ఒక్కొక్కరికి ఒక్కో కారణం:
బువ్వ పడలేదని,
బూట్లు కరిచినయని,
రాత్రి రైళ్ల కూత వినపడక నిద్ర రాలేదని.
నాకు చెప్పింది వేరే.
"ఆడ పాసిస్తే
ఎవలకిస్తున్ననో పేరు తెల్వదు తమ్మీ."

మేనేజరెట్లయిండంటే,
ఆ యేడు వనపర్తిల టోర్నమెంటు, సెమీఫైనలు.
సెక్రటరీ సారు మరదలి పెండ్లికి పోయిండు.
లిస్టు రాసెటోడు లేడు.
పత్తి తూకం చీటీ ఎన్కకు తిప్పి
కేశులన్నే రాసిండు:
జహంగీరు, ఊశన్న, ఇమ్మానియేలు,
పొడుగు నర్సిములు, పొట్టి నర్సిములు...
మూడో నంబరు కాడ తన పేరు రాసుకున్నడు.
మోకాలి మీద చెయ్యి పెట్టి
కొంచెంసేపు ఆ పేరు దిక్కే చూసిండు.
కొట్టేసిండు.
పక్కన నా పేరు రాసిండు.

నాకప్పుడు పదహారు.
ఒంటి మీది జెర్సీ విప్పి ఇచ్చిండు.
వెచ్చగున్నది, మోకాళ్ల దాక వచ్చింది.
"ఆ ఏడో నంబరోనికి ఎడమకాలు రాదు,
లోపటికి తోలు" అన్నడు. గంతే.
మూడు సున్నాతోని ఓడినం.
మూట్ల రెండు నా పక్క నుంచే.
తిరుగు బస్సుల ఎవ్వరం మాట్లాడలే.
కేశులన్న పల్లీల పొట్లం విప్పి
ముందుగాల నా దోసిట్ల పోసిండు.

ఇప్పుడాయన ఆఫీసంతా ఒక గోనెసంచి:
నాలుగు బాల్లు, అండ్ల ఒకటి గాలి నిలువనిది,
పిడి ఊడిన పంపు, నిమ్మకాయలు, బ్యాండేజీ గుడ్డ.
దుకాణాల పొంటి చందాకు పోతే
"క్రికెట్టయితే ఇద్దుము" అంటరు.
నవ్వుతడు. రెండోనాడు మళ్ల పోతడు.

ఎండాకాలమొస్తే మా మిడ్‌ఫీల్డంతా
పుణెకు పోతది, కాంక్రీటు పనికి.
ఈన ఈడ కూసొని ఫోన్లల్ల జట్టును నడుపుతడు:
"సెంట్రింగు మీద నిలవడ్డప్పుడు
మడిమెలెత్తుకుంట ఉండు బిడ్డా,
పిక్కలు చెడగొట్టుకోకు."
అవతల మిక్సరు మోతల
పొట్టి నర్సిములు కొడుకు
సరే పెద్దనాయినా అంటడు.
వానికి ఏం వినపడ్డదో ఏమో.

మ్యాచునాడు
నేను బాలు తీస్కొని లైను పొంటి ఉరికితే
గీతకు అవుతల ఆయనా ఉరుకుతడు,
చెప్పులతోని, నాలుగడుగులు.
ఐదో అడుగు కాడ ఆగుతడు.
సున్నం మాత్రం తొక్కడు.

మొన్న ప్రాక్టీసుల నా మోకాలు టక్కుమన్నది.
చప్పుడు నా ఒక్కనికే వినపడ్డదనుకున్న.
తెల్లారి రేకు డబ్బా నా చేతికిచ్చి
గోలుపోస్టుకు ఆనుకొని నిలవడ్డడు.
సెంటరు దాక గీసిన.
వంకర పోయింది.
ఏమనలే.