ఐదో గడి

ఒంగోలు, కర్నూలు రోడ్డు మీద కంటి ఆసుపత్రి.
మూడో అంతస్తులో, ఏసీ నీళ్లు కారే గోడ పక్కన
నా కుర్చీ.
ఇక్కడిదాకా మనుషులు రారు. ఫైళ్లు వస్తాయి.

గర్నెపూడి ఏలీశమ్మ. యాభై ఎనిమిది. టంగుటూరు.
వృత్తి దగ్గర: కూలి.
జబ్బు దగ్గర డాక్టరు గారి గొలుసుకట్టు రాత:
ఎడమ కన్ను, కింది రెప్ప,
లోపలికి మడత. వయసు వల్ల.

ఆ నాలుగు ముక్కలకీ కలిపి నేనొక నంబరు వెయ్యాలి.
హెచ్, సున్నా, రెండు, చుక్క,
సున్నా, మూడు, ఐదు.
చివరి ఐదు, ఎడమ కింది రెప్ప.
దాని ముందు గడిలో మూడు, ముసలితనం.

మూడు వేస్తే అయిపోయేది.
బల్ల మీద ఇంకా పన్నెండు ఫైళ్లున్నాయి.
ఆరు దాటితే కొత్తపట్నం బస్సు పోతుంది.
వేసేవాణ్ణే.
కాగితం వెనక సిస్టరు పెన్సిలుతో రాసింది:
"ఎప్పుడో సున్నం పడిందంట."

అంతదాకా సున్నాలు కొట్టుకుంటూ పోయిన వేలు
సున్నం దగ్గర ఆగింది.

కిందికి దిగాను.
హాల్లో చివరి బెంచీ మీద ఆమె,
కింది రెప్పకు ప్లాస్టరు ముక్క అంటించి
బుగ్గ మీదకు లాగి పెట్టుకుంది,
గాలికి కొట్టుకునే తలుపుకు తాడు కట్టినట్టు.

"వెంట్రుకలు గుడ్డుకే గుచ్చుకుంటన్నాయి అబ్బాయా.
మా ఎదురింటి సామ్రాజ్యం పట్టుకారుతో పీకుద్ది.
పది రోజులకి మళ్లీ మొలుత్తాయి,
గరిక మాదిరి,
పీకిన కాడల్లా ఇంకా మొండిగా.
కంటికి రెప్ప కాపలా అంటారే,
నా కాపలావోడే నన్ను పొడుత్తన్నాడు."

సున్నం సంగతి అడిగాను.
పొగాకు గ్రేడింగు కొట్టుకి కంపెనీ దొర వస్తున్నాడని
ముందురోజు ఆడవాళ్లందరి చేతా వెల్ల వేయించారట.
నిచ్చెన మీద ఎవరో. కింద డబ్బా పట్టుకుని ఈమె.
"పద్దెనిమిదేళ్లయింది. నీళ్లు పోసి కడిగారు.
మేస్త్రి ఆ పూట కూలి కొయ్యలేదు, మంచోడే."

పూట కూలి కొయ్యలేదు.
అది వెయ్యడానికి నా దగ్గర గడి లేదు.

చేతిలో కాగితం వైపు తల వాల్చి చూసింది.
"అదేంది, గ్రేడా?"
ముప్పై ఏళ్లు ఆకు వేరుచేసిన మనిషి.
ఈనె పక్కన మచ్చ, పసుపులో దాగిన పచ్చ,
అరచేత్తో తడిమి ఏ కుప్పో చెప్పగలదు.
చీటీ ఒకటి తప్పు పడితే
వేలంలో రైతు కొంప ఎట్టా మునుగుతుందో చూసింది.
"అవునమ్మా, గ్రేడే."
"మరి నన్ను ఏ కుప్పలో వేశావు?"

ముసలి కుప్పలో
అనడానికి నోరు రాలేదు.

డాక్టరు గారికి చీటీ పంపాను. ఒక్కటే వాక్యం:
కారణం వయసా, మచ్చా, దయచేసి రాయగలరు.
విసుక్కున్నారు. నన్ను ఏదో అన్నారు కూడా.
అని, ఆమెను మళ్లీ పిలిచి, దీపం ముందు కూచోబెట్టి
రెప్పను వేలితో తిరగేశారు.
లోపలి ఎరుపు మీద
తెల్లటి గీత.
గోడ మీంచి జారి, అక్కడే ఎండిపోయిన చార.

మూడు కొట్టేసి ఒకటి వేశాను.
వెంట్రుకవాసి తేడా.
కుట్టు పడే చోటు మారుతుందట, డాక్టరు గారన్నారు.
బీమావాళ్లకి ఒరిగేదీ లేదు, తరిగేదీ లేదు.
ఆ కొట్టు పేరు ఏ గడిలోనూ పడలేదు.

బస్సు పోయింది.
షేర్ ఆటోలో నా పక్కాయన
మొలలోంచి సున్నపు డబ్బీ తీసి, మూత విప్పి,
గతుకుల్లోనే తమలపాకుకి రాసుకుంటున్నాడు.

నేను కొంచెం జరిగి కూచున్నాను.