అర్జీ మీద విచారణ

ఓడలరేవు దాటాక
నీటి రంగు మూడుసార్లు మారుతుంది.
బెల్లప్పానకం, పాచి, ఆపైన నీలిమందు.
నీలిమందు మొదలైన చోట నావ ఆపి
ఓలేటి ధనకొండ నా నడుముకి తాడు కట్టింది.
"గొలుసు తెచ్చేరా సర్వేరు గారూ?"
తెచ్చాను. వంద లింకుల సర్కారు గొలుసు,
కొసన రెండు కడియాలు తుప్పు.

మా వైపు లంక విరిగితే కరిగిపోదు.
శ్రావణంలో ఎర్రనీరు ఒరుసుకునే రాత్రి
గట్టు లోపల ఏదో కదులుతుంది.
పడుకున్న ఆవు లేచినట్టు
వెనక భాగం ముందు లేపుకుని
కొబ్బరిచెట్లతో, మిరపమడితో,
కంచె మీది కాకరపాదుతో సహా
నీళ్ళలోకి నడిచి వెళ్ళిపోతుంది లంక.
శిస్తు మాత్రం ఊళ్ళోనే ఉండిపోతుంది.

ఆ శిస్తు మీదే అర్జీ పెట్టింది
నేలపూడి సూర్యకాంతం.
"నా ఎకరం ముప్పై సెంట్లు నీళ్ళలో ఉందంటున్నారు.
లేకపోతే కొట్టెయ్యండి.
ఉంటే దారి చూపించండి."
ఆఫీసంతా చదువుకుని నవ్వి
కాగితం నా బల్ల మీద పడేసింది.

దిగాను.
ముందు చెవుల్లో గోదారి హోరు,
తర్వాత చెవుల్లో ఏమీ లేదు.
పన్నెండు బారల దిగువన
నీళ్ళు మళ్ళీ తియ్యనయ్యాయి.
(నాలుక తడిపి చూసుకున్నాను, అబద్ధమాడను.)
ఉప్పు కింద ఒక పాయ పారుతోంది,
ఏడు పాయల లెక్కలో ఎవరూ కలపనిది.
దానికీ రెండు గట్లు, దానికీ ఓ రేవు.
రేవులో పీతలు
బట్టలు జాడిస్తున్నట్టు చేతులాడిస్తున్నాయి.

ఆ పాయ నడుమ, లంకలు!
పూతరేకుల దొంతరలా
ఒకదాని కింద ఒకటి తేలుతూ,
ఏదీ అడుగుని తాకకుండా.
ఏ వరద ఏడాది లంక ఆ వరసలో ఉంది.
చెట్లన్నిటా కొబ్బరికాయలు
లోపలి నీళ్ళతో వెలుగుతున్నాయి,
పీచులోంచి సన్నగా, పసుపు పచ్చగా.
కింది లంక వెలుతురులో
పై లంక వేళ్ళు కనిపిస్తున్నాయి,
ముసలివాళ్ళ చేతి నరాల్లా.
మట్టల సందున చేపలు నిద్రపోతున్నాయి.
ఇంకా ఏరెక్కలేదు గనక
వాటి పేరు పులస కాదు, విలసే.

ఊపిరి ఎలా ఆగిందని అడక్కండి.
నేను ఉద్యోగం మీద ఉన్నాను.

ఐదో దొంతరలో దొరికింది సూర్యకాంతం చేను.
సున్నం కొట్టిన హద్దురాయి,
దాని మీద ఆమె మావగారి పేరులో సగం.
గొలుసు పరిచాను.
కడియం కడియానికీ ఓ చందువ పిల్ల వచ్చి
లెక్క సరిచూసి పోయింది.
ఎకరం ముప్పై రెండు.
తిరగేసి కొలిచాను. ముప్పై రెండే.
ముప్పై ఏళ్ళ కొలువులో
పోయిన భూమి పెరగడం ఎక్కడా చూడలేదు.

తూర్పు అంచుకి పాకి చూశాను.
ఆ మట్టి మాది కాదు.
జిగటగా, కాటుకలా నల్లగా, నాసిక్ వైపు పొలాలది.
మధ్యలో శబరి ఇసుక,
ఇంద్రావతి గులకరాయి ఒకటి.
ఎక్కడెక్కడో ఎవరెవరో పోగొట్టుకుని
అర్జీ కూడా పెట్టని నేల
నడిచి నడిచి వచ్చి
ఈవిడ గట్టుకి ఆనుకుని కూర్చుంది.
అందులో నాలుగు జొన్న మొక్కలు,
మా లంకల్లో ఎవరూ వెయ్యని పంట.
కంకులు గింజ పట్టి ఉన్నాయి.

తాడు మూడుసార్లు లాగింది ధనకొండ.
నావలో పడేసరికి
నా ముక్కులోంచి ఉప్పు, నోట్లోంచి తీపి.
"ఉందా?"
"ఉంది. చెట్లు కూడా ఉన్నాయి."
"అదీ సంగతి! ఏటా మా వల
ఏటికి తగులుకుంటందో అనుకున్నా.
పాపం, మా ఆయన్ని తిట్టేసేదాన్ని" అంది,
తెడ్డు అందుకుంటూ.

విస్తీర్ణం గడిలో ముప్పై రెండు రాశాను.
పట్టాదారు గడి దగ్గర
కలం రెండు సెంట్ల మేర ఆగింది. ఖాళీ వదిలేశాను.
దారి గడిలో రాశాను: ఎర్రనీటి వెంట.

సూర్యకాంతం నకలు చదివించుకుంది.
శిస్తు ఊసెత్తలేదు, దారి ఊసూ ఎత్తలేదు.
కాగితం నాలుగు మడతలు పెట్టి బొడ్లో దోపుకుని
గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కి తిరిగి,
"ఆ జొన్నలు" అంది,
"ఎవరు కోస్తారండీ?"